ఏడు కట్ల గ్రంథం: కట్టడం తేలికే, విప్పడమే తంటా

టేబుల్ చుట్టూ కూర్చుని డైస్ వేస్తూ ఆడే ఫాంటసీ ఆటల కోసం చేసిన పుస్తకం ఇది. కానీ రూల్స్ బుక్కులా ఉండదు, ఆ కల్పిత లోకంలోనే ఎవరో ఎప్పుడో రాసుకున్న పాత గ్రంథం చేతులు మారి మారి మన దగ్గరకొచ్చినట్టు ఉంటుంది. పొగమంచుతో పాటు వచ్చేవాటి నుంచి (వాటికి పేరు పెట్టలేదు, మంచి పని చేశారు) ఒంటిని, మంచాన్ని, గదిని, ఇంటిని, వీధిని, ఊరిని, నదిని కాపాడుకోవడానికి ఏడు కట్లు, అంటే మంత్రంతో వేసే రక్షణ బంధనాలు. నాలుగు సెషన్లు ఆడాక రాస్తున్నాను.

మామూలుగా ఇలాంటి వాటిలో మంత్రం చదివామా, ఇన్ని పాయింట్లు కలుపుకున్నామా, అంతే. ఇందులో కట్టిన ప్రతి కట్టునీ తెల్లారాక విప్పాలి, విప్పేదాకా ఆ వచ్చేవే కాదు మనవాళ్లు కూడా లోపలికి రాలేరు. మా రెండో సెషన్‌లో ఇంటి కట్టు కట్టేసి హాయిగా పడుకున్నాం, గుర్రాల్ని చూసొస్తానని ఒకడు బయటికెళ్లిన సంగతి ఎవరికీ గుర్తులేదు. బయటున్నవాణ్ణి లోపలికి తేవాలంటే పేరుపెట్టి మూడుసార్లు పిలవాలట. సరే పిలుద్దామంటే, అంతకుముందు కట్టిన మంచం కట్టు ప్రకారం రాత్రిపూట ఎవరి పేరూ పైకి అనకూడదు! ఇది రాసినవాళ్ల పొరపాటేనని నేను గంటసేపు వాదించాను. తీరా చూస్తే ఆ పేజీ అంచులోనే చిన్న అక్షరాలతో ఉంది: మంచం కట్టు లోపలివాళ్లకే, బయటున్నవాణ్ణే తన పేరు తాను పిలుచుకోమనండి.

అసలు ఈ పుస్తకానికి ప్రాణం ఆ అంచుల్లోనే ఉంది. మూడు రకాల చేతిరాతలు. "ఉప్పు తడిస్తే గీత పనిచేయదు, మా అన్న అలాగే పోయాడు" అని ఒకరు రాస్తే, దాని కిందే ఇంకొకరు "ఉప్పు తప్పేం లేదు, మీ అన్న గీత దాటాడు" అని రాశారు. ఆ అన్న కథ పుస్తకంలో ఇంకెక్కడా రాదు, నేను మాత్రం వెతుకుతూనే ఉన్నాను.

ఇంటి కట్టులో మట్టి గిన్నె లోపల మంత్రం రాసి గడప కింద బోర్లించి పాతిపెట్టాలి. ఇది గాల్లోంచి పుట్టించింది కాదు. ఇప్పటి ఇరాక్ ప్రాంతంలో, సుమారు 5 నుంచి 8వ శతాబ్దం మధ్య, జనం నిజంగానే గిన్నెల్లో సుడి తిరిగినట్టు అరమాయిక్ భాషలో మంత్రాలు రాయించుకుని ఇళ్లలో బోర్లించి పాతుకునేవాళ్లు, అక్కడి పాత నగరం నిప్పూర్ తవ్వకాల్లో ఇవి చాలానే దొరికాయి. వాటిలో మనిషిని తల్లి పేరుతో చెబుతారు, ఫలానా ఆవిడ కొడుకు ఫలానా అని. పుస్తకం ఆ ముక్క కూడా వదల్లేదు, మీ పాత్రకి తల్లి పేరు లేకపోతే గిన్నె పనిచేయదు. ఫాంటసీ ఆటల్లో అందరూ అనాథలే కదా, అప్పటికప్పుడు అయిదుగురం అయిదుగురు తల్లుల్ని పుట్టించుకోవాల్సొచ్చింది.

ఇంకొకటి. మాచికాయ (ఓక్ చెట్ల మీద వచ్చే బుడిపె), అన్నభేది (ఒక ఇనుప లవణం) కలిపి చేసే పాతకాలపు సిరా రాసినప్పుడు లేతగా ఉండి, గాలి తగిలాక నల్లబడి, ఏళ్లు గడిచేకొద్దీ గోధుమ రంగుకి తిరిగి ఒక్కోసారి కాగితాన్నే తినేస్తుంది. వీధి కట్టు పేజీలో అక్షరాల చోట నిజంగానే చిల్లులు పెట్టారు, సరిగ్గా పలకాల్సిన మాట దగ్గర. ఆ మాటేంటో ఆట నడిపించే గేమ్ మాస్టర్‌కి కూడా ఎక్కడా చెప్పలేదు. మా వాడు మేం ఊహించింది ఒప్పుకున్నాడో లేక జాలిపడ్డాడో ఇప్పటికీ చెప్పడు.

విసుగు తెప్పించినవీ ఉన్నాయి. గోధుమ రంగు పేజీ మీద గోధుమ రంగు అక్షరాలు, అదీ పాత రాతలా వంకర్లు తిప్పి. మూడ్ కోసం లైట్లు తగ్గించి ఆడేవాళ్లకి నరకం. చివర ఇండెక్స్ లేదు. నది కట్టులో సగం ఏ మూలిక ఎంత తేవాలన్న పట్టికలే, దాటేయండి.

అయిదుకి నాలుగు ఇస్తాను. ఆ ఒక్కటీ తగ్గించింది బైండింగ్‌కి: మూడో సెషన్‌కే దారం వదులై పేజీలు ఊడొచ్చాయి. నేనే టేప్ వేసి అతికించాను, అది పోయి నది కట్టు ఎలా విప్పాలో రాసిన అంచు మీద పడింది, పీకితే అక్షరాలతో సహా ఊడొచ్చింది. వచ్చే ఆదివారం మేం నది దగ్గరే ఉంటాం.