పేరు అర్థం సరిచూడాలంటే వెబ్‌సైటా, పంతులుగారా, నిఘంటువా?

ఈ ఏడాది బెంగళూరు మారతహళ్ళిలో మా అపార్ట్‌మెంట్ తెలుగువాళ్ళ ఇళ్ళలో నాలుగు బారసాలలు జరిగాయి. నలుగురూ నన్ను అడిగింది ఒకటే: "అక్కా, సైట్‌లో ఈ పేరుకి ఇచ్చిన అర్థం నిజమేనా?" ఆర్నెల్ల కిందట మా బాబు పేరు కోసం నేనూ ఇదే టెన్షన్ పడ్డాను.

వాడిది కృత్తిక మొదటి పాదం. పంతులుగారు 'ఆ'తో మొదలయ్యే పేరు పెట్టమన్నారు. మా ఆయనకి ఆరవ్ నచ్చింది. నేను చూసిన మూడు సైట్లలోనూ 'ప్రశాంతమైనవాడు' అని ఉంది. సంస్కృత పర్యాయపదాల నిఘంటువు అమరకోశం తీస్తే శబ్దాది వర్గంలో ధ్వని, నినాదం లాంటి మాటల మధ్య ఆరవ కనిపించింది. అంటే చప్పుడు, అరుపు! రవం ముందు 'అ' చేరితే ధ్వని లేనిదని అర్థం వస్తుంది, 'ఆ' చేరితే రాదు. పోనీ అరవ్ అందామంటే నక్షత్రం అక్షరం పోతుంది, పైగా మన ఇళ్ళలో అరవ అంటే తమిళం.

అందుకే నేను గట్టిగా చెప్పేది, పేరుని ముందు తెలుగు లిపిలో రాసుకోండి. హ్రస్వమో దీర్ఘమో, 'త'నో 'థ'నో, 'శ'నో 'ష'నో తేలాకే అర్థం వెతకాలి. పేర్ల సైట్లు ఇంగ్లిష్ స్పెల్లింగ్‌తో మొదలుపెడతాయి కాబట్టి అక్కడే తేడా వస్తుంది. మంచుకి సంస్కృతంలో మాట నీహారం. మనం మాత్రం నిహారిక అని రాసేస్తున్నాం. ఇక్కడ జనన ధ్రువపత్రంలో పేరు కన్నడలో కూడా వస్తుంది, ఆ దీర్ఘం కూడా ఒకసారి చూసుకోండి.

రియాన్ష్ అంటే విష్ణువు అంశ అని కొన్ని సైట్లు రాస్తాయి. అంశ అంటే భాగం, సరే. 'రియా' మాత్రం మోనియర్ విలియమ్స్ సంస్కృత నిఘంటువులోనే లేదు.

నా ఓటు నిఘంటువుకే. ఆంధ్రభారతి సైట్‌లో చాలా తెలుగు నిఘంటువులు ఒకేచోట వెతకొచ్చు, ఖర్చు లేదు. దీనికీ లోటు ఉంది. శ్రేయాన్ మంచి పేరే, గీతలో 'శ్రేయాన్ స్వధర్మో విగుణః' అని ఉంది, 'మేలైనది' అని అర్థం. కానీ నిఘంటువులో దాన్ని శ్రేయస్ దగ్గర వెతకాలి. ఆ సంగతి సంస్కృతం చదివినవాళ్ళే చెప్పగలరు. మీ పంతులుగారు అలాంటివారైతే అదృష్టమే, లేదంటే ఆయన్ని నక్షత్రం వరకే అడగండి. మైరా లాంటి పేర్లకి సంస్కృత నిఘంటువు పనికిరాదు. అది ఇంగ్లిష్ కవి ఫుల్క్ గ్రెవిల్ కల్పించిన పేరు.

న్యూమరాలజీ స్పెల్లింగ్ మారుస్తుందంతే, అర్థం జోలికి పోదు.

తొందరపడకండి. జననం 21 రోజుల్లో నమోదు చేయించాలి కానీ, పేరు ఏడాదిలోపు ఫీజు లేకుండా చేర్చుకోవచ్చు. మేం చివరికి ఆదిత్య అనుకున్నాం. అదితి కొడుకు, సూర్యుడు. బారసాల రోజు మా ఆయన బియ్యంలో ఉంగరంతో ఆ పేరు తెలుగులో రాస్తుంటే, పక్కన కూర్చుని 'ఆ' దగ్గర దీర్ఘం సరిగ్గా పడిందో లేదో వంగి చూశాను.