స్కోప్ మంచిదే, వేళే కుదరదు: తేలినీలాపురం–నౌపడ పక్షుల ట్రిప్పు

కొన్ని శీతాకాలాలుగా ఒకే బృందంతో శ్రీకాకుళం జిల్లా టెక్కలి వైపు, తేలినీలాపురం గూళ్లూ నౌపడ ఉప్పు మడులూ చూపించే ఈ ఒక్కరోజు పక్షుల ట్రిప్పులకి వెళ్తున్నాను. వాహనం, టిఫిన్, వాచ్‌టవర్ గురించి చెప్పను, అవి అందరూ చెప్పేవే. ఈ ట్రిప్పులో నాకు అన్నిటికన్నా విలువైనది గైడు భుజాన మోసుకొచ్చే స్పాటింగ్ స్కోప్, అంటే ఒంటికంటితో చూసే దుర్భిణి. మూడు కాళ్ల స్టాండు మీద నిలబెట్టే 65 మి.మీ. అద్దం, 20 నుంచి 60 రెట్ల జూమ్. అది లేకపోతే ఈ ట్రిప్పు డబ్బు దండగ అంటాను.

ఎందుకో తేలినీలాపురంలో నిలబడితే తెలుస్తుంది. అక్కడ గూడబాతులు (పెలికాన్లు), ఎర్రకాళ్ల కొంగలు (పెయింటెడ్ స్టార్క్‌లు) పక్కపక్క చెట్ల మీద, ఒక్కోసారి ఒకే చింతచెట్టు మీద గూళ్లు పెడతాయి. ఉత్త కంటికి కొమ్మల్లో తెల్లటి ముద్దలు కనిపిస్తాయి. జనం చేసే పని ఏమిటంటే, ఫోను పట్టుకుని చెట్టు కిందికే పోతారు. పెద్ద పక్షులు ఒక్కసారిగా లేస్తాయి. అవి తిరిగొచ్చేలోగా కాకులు, గద్దలు గుడ్లనీ, రోజుల పిల్లల్నీ ఎత్తుకుపోతాయి. బెదిరి అంచుకి జరిగిన పిల్ల కింద పడితే దాన్ని తల్లి మళ్లీ పైకి తీసుకెళ్లలేదు. స్కోప్ ఉంటే వంద మీటర్ల అవతల పొలం గట్టు మీదే ఆగొచ్చు. 25 రెట్లకి పెడితే చాలు, గూడబాతు పైముక్కు మీద వరుసగా ఉన్న చుక్కలు లెక్కపెట్టొచ్చు. పిల్ల తల్లి గొంతుసంచిలోకి తల మొత్తం దూర్చి చేపని లాక్కోవడం చూడొచ్చు. పక్షికి మనం ఉన్నామన్న సంగతే పట్టదు.

గైడు దాన్ని వాడే పద్ధతి కూడా మెచ్చుకోవాలి. కన్ను ఆనించే ఐపీస్ 45 డిగ్రీల వంపుతో పైకి ఉండే రకం అది. స్టాండుని గుంపులో అందరికన్నా పొట్టివాళ్ల ఎత్తుకి పెడతాడు, పొడుగువాళ్లు వంగి చూస్తారు. తిన్నగా ఉండే రకం అయితే మనిషి మనిషికీ ఎత్తు మార్చాలి, మార్చినప్పుడల్లా గూడు తప్పిపోతుంది. కళ్లజోడు ఉన్నవాళ్లకి ఐపీస్ చుట్టూ ఉండే ఐకప్‌ని కిందికి తిప్పి ఇస్తాడు, లేనివాళ్లకి పైకి. ఇది తెలియక చాలామంది నల్లటి చంద్రవంకలు కనిపిస్తున్నాయని వదిలేస్తారు. గొట్టాన్ని చేత్తో పట్టుకోనివ్వడు, ఫోకస్ చక్రం ఒక్కటే తిప్పుకోమంటాడు. అందరూ ఒక విడత చూసేదాకా ఎవరి ఫోనూ ఐపీస్‌కి ఆనించనివ్వడు. ఈ ఒక్క నియమం లేని బృందాల్లో ముందు నిలబడ్డ ఇద్దరే పావుగంట తినేస్తారు.

ఇక నౌపడ సంగతి. నాకున్న కోపమంతా ఇక్కడే.

ట్రిప్పు వరుస ఎప్పుడూ ఒకటే. శ్రీకాకుళంలో తెల్లవారుజామున బయలుదేరడం, టెక్కలిలో టిఫిన్, ఏడున్నరకి తేలినీలాపురం, పదిన్నర దాటాక నౌపడ ఉప్పు మడులు. హైవే దిగాక దారికి ఇదే సుఖం, టిఫిన్ కూడా వేడిగా దొరుకుతుంది. పక్షులు చూడ్డానికి మాత్రం ఇది తలకిందులు వరుస.

నౌపడలో చూడాల్సినవి చిన్న పిట్టలు. లిటిల్ స్టింట్ మన పిచ్చుకంత ఉంటుంది. దాన్నీ టెమ్మింక్స్ స్టింట్‌నీ విడదీసేది కాళ్ల రంగు: మొదటిదానివి నల్లనివి, రెండోదానివి పసుపు ఛాయవి. కెంటిష్ ప్లోవర్‌కి మెడ వెనక తెల్లపట్టీ ఉంటుంది, శాండ్ ప్లోవర్‌కి ఉండదు. మూడు వందల మీటర్ల దూరంలో బురద రంగులో కలిసిపోయి నిలబడ్డ పిట్టకి ఈ గుర్తులు చూడాలంటే స్కోప్ తప్పదు. పదిన్నరకి అదే స్కోప్‌లోంచి చూస్తే పిట్ట ఉడుకుతున్న నీళ్లలో మునిగినట్టు ఊగుతుంది. కాళ్లు రెండో నాలుగో తెలియదు. మెడపట్టీ వస్తూ పోతూ ఉంటుంది. డిసెంబరులో చల్లగా ఉన్న రోజున కూడా ఇంతే, గాలి హాయిగా ఉంటే జనం నమ్మరు గానీ.

కారణం నేలలో ఉంది. నల్లటి తడి బురద, మడుల మధ్య మట్టి గట్లు ఎండకి త్వరగా కాగుతాయి. నేలని ఆనుకున్న గాలి వేడెక్కి పైకి లేస్తుంది, పైన చల్లగా ఉన్నది దిగుతుంది. వేడిగాలీ చల్లగాలీ వెలుగుని ఒకేలా వంచవు. పిట్ట నుంచి మన కంటికొచ్చే వెలుగు ఆ కలగాపులగం గాలిలో మూడు వందల మీటర్లు నేలబారుగా ప్రయాణం చేస్తుంది. ఎంత ఖరీదు స్కోప్ అయినా ఆ ఊగుడుని కూడా పిట్టతో పాటే పెద్దది చేసి చూపిస్తుంది. లక్ష రూపాయల స్కోప్‌కి కూడా దీన్నుంచి తప్పించుకునే దారి లేదు.

అప్పుడు గైడు చేసే పని జూమ్ పెంచడం. సరిగ్గా చెయ్యకూడనిది అదే. 65 మి.మీ. అద్దానికి 20 రెట్ల దగ్గర కంటికి చేరే వెలుగు వృత్తం 3 మి.మీ. పైచిలుకు ఉంటుంది. 60 రెట్లకి ఒక్క మిల్లీమీటరుకి పడిపోతుంది. అంటే బొమ్మ మసకబారుతుంది, ఊగుడు మూడింతలవుతుంది, సముద్రపు గాలికి స్టాండు వణుకు అదనం. చెయ్యాల్సింది 20–25కి దించడం, స్టాండు కాళ్లు పూర్తిగా చాపి ఎత్తయిన గట్టు మీద నిలబెట్టడం, కాగిన గట్ల మీదుగా కాకుండా నీళ్ల మీదుగా చూడ్డం. ఇవన్నీ చేసినా దక్కేది సగమే. వేళ మార్చడం ఒక్కటే అసలు మందు.

మడుల ఎంపికలోనూ ఇలాంటి పొరపాటే ఉంది. ఫోటోలు బాగుంటాయని తెల్లటి ఉప్పు కుప్పల పక్కన ఆపుతారు. ఉప్పు గట్టిపడే ఆ చివరి మడుల్లో నీరు బాగా చిక్కబడి ఉంటుంది, పిట్టలు తినే పురుగూ పుట్రా అక్కడ పెద్దగా బతకవు. సముద్రపు నీరు ముందుగా చేరే మొదటి మడుల్లోనే మేత ఉంటుంది. అందులోనూ స్టింట్‌కి రెండు మూడు సెంటీమీటర్ల నీరు కావాలి, పొడుగు కాళ్ల ఉల్లంకి లోతులో నిలబడగలదు. మడిలో నీటి మట్టం చూస్తే ఏ పిట్ట దొరుకుతుందో గైడు ముందే చెప్పగలగాలి.

ఇక మేము గుంపుగా అడిగి వరుస తిప్పించుకున్న రోజు గురించి. నౌపడ ముందు, తేలినీలాపురం తర్వాత. టిఫిన్ పొట్లాలు కట్టించి, పొద్దు పొడవకముందే మడుల దగ్గర ఉన్నాం. సముద్రం తూర్పున కాబట్టి తూర్పు గట్టు మీద నిలబడి పడమటికి చూస్తే వెలుగు వీపు వెనక నుంచి పడుతుంది. ఆరున్నర నుంచి ఎనిమిదిన్నర దాకా అదే స్కోప్, అదే గైడు, అవే పిట్టలు, కాళ్ల రంగు గట్టు అవతల నుంచి చదివేశాం. పోటు ఎక్కే వేళ కూడా కుదిరింది. సముద్రంలో కలిసే చోటైన మొగలోంచి నీరు లోపలికి ఎక్కి బురద మునిగినప్పుడు అప్పటిదాకా అక్కడ చెదిరి మేసే పిట్టలన్నీ మడుల గట్ల మీదికి వచ్చి గుంపుగా కునుకు తీస్తాయి. పాటు వేళ వెళ్తే అవే పిట్టలు చుక్కల్లా దూరదూరంగా ఉంటాయి. పోటు రోజుకి దాదాపు 50 నిమిషాలు ఆలస్యమవుతూ పోతుంది, కాబట్టి పొద్దున్నే పోటు వచ్చే వేళ సుమారు పదిహేను రోజులకోసారి తిరిగొస్తుంది. హైదరాబాదులోని సముద్ర సమాచార సంస్థ ఇన్‌కాయిస్ పోటుపాట్ల వేళలు ప్రకటిస్తుంది. అవి చూసి ఏ ఆదివారం వెళ్లాలో నిర్ణయించడం బృందానికి కష్టమేమీ కాదు. మొగ దగ్గరి వేళ కన్నా లోపలి మడులకి నీరు ఆలస్యంగా చేరుతుందని గుర్తుంచుకుంటే చాలు.

తేలినీలాపురం మధ్యాహ్నానికి జరిగినందుకు నష్టమూ లేదు. గూళ్లు దగ్గర్లో, పైగా చెట్ల మీద ఎత్తున ఉంటాయి కాబట్టి ఆ నేలవేడి అంతగా అడ్డురాదు. ఎండ నడినెత్తికి వచ్చినప్పుడు ఎర్రకాళ్ల కొంగ రెక్కలు విప్పి గూటి మీద గొడుగు పట్టి నిలబడుతుంది, నీడలో పిల్లలు నోళ్లు తెరుచుకుని రొప్పుతుంటాయి. నీళ్లు తెచ్చి పిల్లల మీద వదులుతుంది. పొద్దున్న ఏడింటికి వెళ్తే ఇదంతా కనిపించదు.

ఆ తర్వాత మళ్లీ మామూలు వరుసకే వచ్చేశారు. ఎక్కువమంది విశాఖ నుంచి వస్తారు, మరీ అంత తెల్లవారుజామున బయలుదేరలేరు అన్నది వాళ్ల మాట. అందులో నిజం ఉంది. విశాఖ నుంచి శ్రీకాకుళానికే వందకు పైగా కిలోమీటర్లు. కానీ ముందురోజు రాత్రి టెక్కలిలో పడుకునే వీలున్నవాళ్లకి వేరే వరుస ఎందుకు పెట్టకూడదన్నదే నా ప్రశ్న.

స్కోప్ గురించి పైన చెప్పిన మెప్పు గూళ్ల దగ్గరికీ, పొద్దుటి నౌపడకీ చెల్లుతుంది. మూడో మజిలీ అయిన తంపరలో, అంటే చిత్తడి నేలలో, అది బరువు తప్ప మరేమీ కాదు. నీరు తీసిన తర్వాత తుంగ, గడ్డి పరుచుకునే ఆ నేలలో పిట్ట కదులుతూనే ఉంటుంది. స్నైప్ అనే పిట్ట మన కాలి ముందు దాకా కదలకుండా ఉండి చివరి క్షణంలో వంకరటింకరగా లేచిపోతుంది. భరతపక్షి (స్కైలార్క్) నిలువునా ఆకాశంలోకి పోతూ పాడుతుంది. స్కోప్ నిలబెట్టేలోగా రెండూ ఉండవు. ఇక్కడ కావాల్సింది 8×42 (8 రెట్లు, 42 మి.మీ. అద్దం) బైనాక్యులర్, మంచి చెవి ఉన్న గైడు. గట్ల మీద ఒకరి వెనక ఒకరు నడవాలి, పక్కపక్కన పరుచుకుంటే ముందున్న పిట్టలన్నీ ఒకేసారి లేస్తాయి. చలికాలం చివర్లో తీతువు నెత్తి మీద తిరుగుతూ అదేపనిగా అరిచిందంటే గుడ్లు దగ్గర్లోనే నేల మీద ఉన్నట్టు. వచ్చిన అడుగుల్లోనే వెనక్కి రావాలి.

2010లో సోంపేట బీల (అదీ చిత్తడి నేలే), 2011లో కాకరాపల్లి తంపర, థర్మల్ కేంద్రాలు వద్దని జనం ప్రాణాలొడ్డిన నేలలు. అలాంటి చోట్లని ఈ ట్రిప్పుల్లో తిరుగు ప్రయాణంలో అరగంట ఆగే మజిలీగా చూడటం నాకు బాధగా ఉంటుంది. అక్కడ ఒక పూట గడపొచ్చు.

ఉప్పు బురదలో స్టాండు పెట్టిన రోజున ఇంటికొచ్చాక దాని కాళ్లని మంచినీళ్లతో కడగాలి. మా బృందం స్టాండుకి ఒక కాలు గుండ్రంగా తిప్పి బిగించే తాళంలో ఉప్పూ ఇసకా చేరి పట్టేసింది. ఒక సీజనంతా ఆ కాలు పొట్టిగానే ఉంటే కింద రాయి పెట్టి నడిపించారు. అద్దం మీద ఉప్పు తుంపర పడితే పొడిగుడ్డతో రుద్దకూడదు, గీతలు పడతాయి. ముందు గాలి ఊది, తర్వాత తడిపిన మెత్తటి గుడ్డతో అద్దాలి. గాలి ఎక్కువగా ఉంటే స్టాండు మధ్య కర్ర పైకి లేపకుండా, దానికి సంచి వేలాడదీస్తే వణుకు తగ్గుతుంది.

గైడు చెప్పే మాటల్లో ఒకటి మార్చుకోవాలి. తేలినీలాపురం పక్షులు సైబీరియా నుంచి వస్తాయని ఇప్పటికీ చెప్తున్నాడు. గూడబాతు, ఎర్రకాళ్ల కొంగ మన దేశంలోనే నీటినీ మేతనీ బట్టి తిరిగే పక్షులు, అవి గుడ్లు పెట్టేదే ఇక్కడ. నిజంగా రష్యా ఉత్తరపు టండ్రాలో గుడ్లు పెట్టి ఇంత దూరం వచ్చేది నౌపడ బురదలోని ఆ పిచ్చుకంత స్టింటే. దాన్ని ఎవరూ పట్టించుకోరు. 2021 డిసెంబరులో గూడబాతులు గుంపులుగా చనిపోయిన సంగతి మాత్రం దాచకుండా చెప్తాడు. నులిపురుగుల బెడద అని అప్పట్లో అన్నారు. ఇప్పటికీ మెడ వాల్చి, రెక్కలు జారవేసి కూర్చున్న పక్షి స్కోప్‌లో కనిపిస్తే దగ్గరికి పోకుండా అటవీ సిబ్బందికి ఫోన్ చేస్తాడు. ఆ విషయంలో అతని మీద నాకు గౌరవం.

తేలుకుంచిని ఇదే రోజులో కలిపి అమ్మే ట్రిప్పు తీసుకోకండి. అది ఇచ్ఛాపురం దగ్గర, ఒడిశా సరిహద్దులో. అక్కడి నత్తగుల్ల కొంగలు (ఓపెన్‌బిల్‌లు) వానాకాలం మొదట్లో వచ్చి చలికాలం ముదిరేలోగా చాలావరకు వెళ్లిపోతాయి. తేలినీలాపురంలో గూళ్లు నిండే వేళకి తేలుకుంచిలో చెట్లు ఖాళీ అయిపోతుంటాయి. దానికి ఆగస్టు, సెప్టెంబరుల్లో వేరే ప్రయాణం పెట్టుకోవడం మేలు.

నేను శ్రీకాకుళం మనిషిని, తెల్లవారుజామున నాలుగింటికి లేవడం నాకు బరువు కాదు, ఫోటోల పిచ్చీ లేదు. అందుకే ఈ ట్రిప్పు నాకు సరిపోయింది. విశాఖ నుంచి చిన్నపిల్లలతో ఒక్కరోజులో వచ్చిపోయేవాళ్లకైతే మామూలు వరుసే నయం, నౌపడలో ఏమీ తేలకపోయినా గూళ్ల దగ్గర కడుపు నిండుతుంది. లెన్సులు మోసేవాళ్లకి వంద మీటర్ల నియమం చికాకు పెడుతుంది, వాళ్లు రాకపోవడమే గూళ్లకి మంచిది. డబ్బు కట్టేముందు మూడు సంగతులు అడగండి: స్కోప్‌కి ఎంతమంది, నౌపడకి ఎన్నింటికి చేరుస్తారు, ఆ రోజు పోటు ఎప్పుడు. ఒక్క స్కోప్‌కి ఎనిమిది మంది దాటితే సొంత బైనాక్యులర్ లేకుండా బయలుదేరొద్దు.