ఆరేళ్లుగా గేమ్‌లు మోస్తున్నాను: సీ నుంచి డీకి, డీ నుంచి ఈకి

2019లో సికింద్రాబాద్ పార్క్‌లేన్‌లో కంప్యూటర్ షాపులుండే సీటీసీకి (చెనాయ్ ట్రేడ్ సెంటర్) వెళ్లి డెస్క్‌టాప్ అసెంబుల్ చేయించుకున్నాను. వేగంగా చదివే 240 జీబీ సాటా ఎస్‌ఎస్‌డీ ఒకటి, నెమ్మదైన 1 టీబీ హార్డ్‌డిస్క్ ఒకటి. "సార్, హార్డ్‌డిస్క్‌ని రెండు ముక్కలు చేసిస్తా, నీట్‌గా ఉంటది" అన్నాడు షాపు కుర్రాడు. సరేనన్నాను. సీలో విండోస్, డీలో సినిమాలు, ఈలో గేమ్‌లు అని నా లెక్క. 240 అని కొన్నది విండోస్‌లో 223గా కనపడుతుంది. అందులో విండోస్, ఆఫీసు సాఫ్ట్‌వేర్లు పోగా మిగిలేది ఒక పెద్ద గేమ్‌కు చోటు, అంతే. రెడ్ డెడ్ రిడెంప్షన్ 2 ఒక్కటే 150 జీబీ అడుగుతుంది. దాంతో ఆడుతున్న గేమ్ ఎస్‌ఎస్‌డీలోకి, విసుగొచ్చిన గేమ్ హార్డ్‌డిస్క్‌లోకి. అప్పుడు మొదలైన మూటాముల్లె సర్దుడు ఇంకా నడుస్తూనే ఉంది.

ముందు స్టీమ్ సంగతి. గేమ్‌లు కొని, దించుకుని, నడిపించుకునే ప్రోగ్రామ్ అది, లాంచర్ అంటారు. గేమ్ మీద రైట్ క్లిక్, ప్రాపర్టీస్, ఇన్‌స్టాల్డ్ ఫైల్స్, మూవ్ ఇన్‌స్టాల్ ఫోల్డర్. అవతలి డ్రైవ్‌లో ముందే ఒక లైబ్రరీ ఫోల్డర్ పెట్టుకుని ఉండాలి, అదొక్కటే షరతు. సెట్టింగ్స్‌లో స్టోరేజ్ పేజీ తెరిస్తే నాలుగైదు గేమ్‌లకు ఒకేసారి టిక్ పెట్టి పంపేయొచ్చు. ఆరేళ్లలో తక్కువలో తక్కువ యాభై సార్లు చేసి ఉంటాను. ఒక్కసారే తేడా కొట్టింది. మే నెల, కేపీహెచ్‌బీ ఆరో ఫేజ్‌లో గాలివాన, మూవ్ అరవై శాతం దగ్గరుండగా కరెంటు పోయింది. యూపీఎస్ లేదు నాకు. కరెంటు వచ్చాక వెరిఫై కొడితే ఫైళ్లన్నీ సరిచూసి, చెడినవి ఓ తొమ్మిది జీబీ మళ్లీ దించుకుంది. ఆ వారమే యూపీఎస్ కొన్నాను.

చేత్తో కాపీ చేసేవాళ్లకు ఒక మాట. స్టీమ్‌యాప్స్ లోపలి కామన్ ఫోల్డర్‌లో ఉండే గేమ్‌ను మాత్రమే మోసుకెళితే చాలదు. స్టీమ్‌యాప్స్‌లోనే యాప్‌మ్యానిఫెస్ట్ అని, వెనక ఒక నంబరుతో, చిన్న ఫైలు ఉంటుంది. ఆ గేమ్ ఇక్కడుందని స్టీమ్‌కు చెప్పేది అదే. అది రాకపోతే సామాను దిగినా కొత్త ఇంట్లో రేషన్ కార్డు లేనట్టే.

నేను చేసిన పెద్ద తెలివితక్కువ పని వేరే ఉంది. డీలో ఉన్న గేమ్ నెమ్మదిగా లోడవుతోందని ఈకి మార్చాను. 70 జీబీకి గంట దాటింది. ఆ రెండూ ఒకే హార్డ్‌డిస్క్‌లో ముక్కలు కదా! ఒకే హెడ్ ఒకచోట చదివి, ఇంకోచోటికి పరుగెత్తి రాసి, మళ్లీ వెనక్కి రావాలి. అందుకే వేరే డిస్క్‌కు పంపేదానికన్నా పక్క పార్టిషన్‌కు పంపడమే ఎక్కువసేపు పడుతుంది. ఇంతా చేశాక వేగం పెరిగిందా అంటే, డిస్క్ అదే అయినప్పుడు ఎక్కడ పెరుగుతుంది? చోటు చాలక మారిస్తే మార్చండి, వేగం కోసమైతే వద్దు.

ఈ డ్రైవ్ అంటే గుర్తొచ్చింది. నేను గచ్చిబౌలి ఆఫీసులో ఉండగా తమ్ముడు ఇంట్లోంచి ఫోన్ చేశాడు. "ఏ డ్రైవ్‌లోకి మార్చాలన్నా?" "ఈ డ్రైవ్." "అదే, ఏ డ్రైవ్?" "ఈ డ్రైవ్ రా!" "ఏదన్నా?" పక్క సీటువాళ్లు నవ్వుతుంటే ఫోన్ పెట్టేశాను. ఈ ఫర్ ఎలిఫెంట్ కదా, ఆ రోజు నుంచి మా ఇంట్లో దాని పేరు ఏనుగు డ్రైవ్. డిస్క్ మీద కూడా అదే పేరు పెట్టాం.

రెండో లాంచర్ ఇంత సుఖం కాదు. పేరెందుకులే. అప్పట్లో దాంట్లో మూవ్ బటనే లేదు. ఉన్న ఉపాయం ఇది: గేమ్ ఫోల్డర్ పేరు మార్చాలి, తర్వాత లాంచర్‌లో అన్‌ఇన్‌స్టాల్ చేయాలి, కొత్త డ్రైవ్‌లో మళ్లీ ఇన్‌స్టాల్ మొదలుపెట్టాలి, రెండు శాతం దిగగానే ఆపి లాంచర్ మూసేయాలి, పాత ఫైళ్లు తెచ్చి కొత్త ఫోల్డర్‌లో పడేయాలి, మళ్లీ రెజ్యూమ్ కొట్టాలి. అది ఫైళ్లు తనిఖీ చేసుకుని, అన్నీ ఉన్నాయని తృప్తిపడి, డౌన్‌లోడ్ లేకుండానే ముగిస్తుంది. పేరు మార్చడం మరిచి అన్‌ఇన్‌స్టాల్ కొట్టారో, మొత్తం పోయినట్టే. మా ఇంట్లో 100 ఎంబీపీఎస్ కనెక్షన్. లెక్క ప్రకారం 100 జీబీకి రెండు గంటల పావు, అదీ లైను పూర్తి వేగంతో వస్తే. హార్డ్‌డిస్క్ నుంచి ఎస్‌ఎస్‌డీకి అదే 100 జీబీ నాకు అరగంట లోపు వచ్చేది. అందుకే ఈ తిప్పలు.

కొంతకాలం జంక్షన్ మీద మోజు పడ్డాను. గేమ్‌ను డీకి తీసుకెళ్లి, పాతచోట ఎంకేలింక్ స్లాష్ జే (mklink /J) కమాండ్‌తో ఒక దొంగ ఫోల్డర్ పెడితే, లాంచర్ గేమ్ ఇంకా సీలోనే ఉందనుకుంటుంది. కమాండ్‌లో ముందు దొంగ ఫోల్డర్ పేరు, తర్వాత అసలుది రాయాలి. కాపీ కమాండ్‌కు తిరగేసి, అందుకే మొదటి రెండుసార్లు తప్పు కొట్టాను. దొంగ ఫోల్డర్ పెట్టే డ్రైవ్ ఎన్‌టీఎఫ్‌ఎస్ ఫార్మాట్‌లో ఉండాలి, ఎక్స్‌ఫ్యాట్ ఫార్మాట్ చేసిన డిస్క్ మీద దాన్ని పెట్టలేం. పని చేస్తుంది, కాదనను. కానీ అప్‌డేట్ వచ్చినప్పుడు లాంచర్ చూసేది సీలో ఎంత ఖాళీ ఉందని. డీలో 300 జీబీ ఖాళీ ఉన్నా, సీలో 12 ఉందని మొరాయిస్తుంది. ఏడాది తర్వాత ఏది అసలో ఏది దొంగదో నాకే గుర్తులేదు. ఇప్పుడు ఒక్కటి కూడా ఉంచలేదు. లాంచర్‌కు తెలియకుండా చేసిన ఏ పనికైనా తర్వాత ఎప్పుడో ఒకరోజు మనమే సంజాయిషీ ఇచ్చుకోవాలి.

అన్నిటికన్నా బాధ పెట్టింది సేవ్ ఫైళ్లు. చాలా గేమ్‌ల సేవ్‌లు ఇన్‌స్టాల్ ఫోల్డర్‌లో ఉండవు. విచర్ 3, జీటీఏ 5 సేవ్‌లు డాక్యుమెంట్స్‌లో, స్టార్‌డ్యూ వ్యాలీవి యాప్‌డేటాలో. కాబట్టి గేమ్‌ను ఎటు మార్చినా అవి కదలవు, సీలోనే భద్రం. ఆ ధీమాతోనే తమ్ముడి పాత క్రికెట్ గేమ్‌ను తీసేసి వేరే డ్రైవ్‌లో మళ్లీ వేశాను. అది సేవ్‌లను తన ఫోల్డర్‌లోనే దాచుకునే రకం. వాడి మూడు సీజన్ల కెరీర్ గాలికి పోయింది. నాలుగు రోజులు వాడు నాతో మాట్లాడలేదు. ఐదో రోజు కూడా అమ్మ చెప్పిందని మాట్లాడాడు.

2023లో 1 టీబీ ఎన్‌వీఎంఈ, అంటే సాటా కన్నా వేగమైన రకం ఎస్‌ఎస్‌డీ, తెచ్చుకున్నాను (కనపడేది 931). ఈసారి ఒక్కో గేమ్‌ను మూవ్ చేస్తూ కూర్చోలేదు. రాత్రి విండోస్‌లోనే ఉండే రోబోకాపీ అనే కాపీ కమాండ్ పెట్టి ఏనుగు మొత్తాన్ని, ఫోల్డర్ల దారి అక్షరం తేడా లేకుండా, కొత్తదానిలోకి కాపీ చేసి పడుకున్నాను. పొద్దున డిస్క్ మేనేజ్‌మెంట్‌లో పాత పార్టిషన్‌కు ఉన్న 'ఈ' (E) అనే అక్షరం తీసేసి, దాన్ని కొత్త డిస్క్‌కు ఇచ్చాను. రీస్టార్ట్. స్టీమ్, రెండో లాంచర్, డెస్క్‌టాప్ షార్ట్‌కట్‌లు, దేనికీ ఇల్లు మారిందన్న సంగతే తెలియదు. ఇన్నేళ్లలో నేను చేసినవాటిలో నాకు బాగా నచ్చిన పని ఇదే. వారం రోజులు చూసి, అంతా సరిగ్గా ఉందనుకున్నాకే పాతది ఖాళీ చేశాను.

ఏ గేమ్‌ను ఎస్‌ఎస్‌డీలోకి తేవాలన్నది ఇప్పుడు చాలావరకు గేమే చెప్పేస్తోంది. బాల్డర్స్ గేట్ 3 ఎస్‌ఎస్‌డీ మీద 150 జీబీ కావాలంటుంది, సైబర్‌పంక్ 2077 కూడా 2023 నుంచి కనీస అవసరాల్లో ఎస్‌ఎస్‌డీ రాసింది. ఏజ్ ఆఫ్ ఎంపైర్స్, పాత ఇండీ గేమ్‌లు హార్డ్‌డిస్క్‌లో హాయిగా ఉంటాయి. అలాగని ప్రతి ఆలస్యాన్నీ డిస్క్ మీద రుద్దకండి. జీటీఏ ఆన్‌లైన్ లోడింగ్ ఆలస్యానికి అసలు కారణం ఒక పెద్ద టెక్స్ట్ జాబితాను గేమ్ ప్రాసెసర్‌తో తప్పుడు పద్ధతిలో చదివించడమని 2021లో ఒక ఆటగాడు తవ్వి తీశాడు. ఆ మార్చిలోనే అది సరిదిద్దారు. దానికి ఎంత ఖరీదైన ఎస్‌ఎస్‌డీ కొన్నా మందు కాదు.

ప్రస్తుతం ఏనుగులో 140 జీబీ ఖాళీ. ఎస్‌ఎస్‌డీని మెడదాకా నింపితే రాసేటప్పుడు నెమ్మదిస్తుంది కాబట్టి అది అలాగే ఉంచాలని నా పట్టు. తమ్ముడేమో మళ్లీ రెడ్ డెడ్ మొదలుపెడతానంటున్నాడు. దాన్ని డీ నుంచి తేవాలంటే ముందు నా బాల్డర్స్ గేట్ అటు పోవాలి. ఆదివారం దాకా ఆగమన్నాను.