తెల్లదుప్పటి ముందు కూర్చోవడమా, పొదల మధ్య నడవడమా?

చిమ్మటలు (సీతాకోకచిలుకల బంధువులైన మాత్‌లు) చూడాలంటే అందరూ చెప్పే ఉపాయం ఒకటే: రాత్రి మిద్దె మీద తెల్లదుప్పటి కట్టి, దాని ముందు బల్బు వెలిగించి కూర్చోవడం. మన నెల్లూరు జిల్లాలో ఈశాన్య రుతుపవనాల వాన వెలిసిన రాత్రి, అందులోనూ వరిచేలకు దగ్గరగా ఉంటే, దుప్పటి నిండటానికి ఎంతోసేపు పట్టదు. వచ్చినవాటిలో కొన్ని రైతుకు పాత శత్రువులే. పసుపు రెక్క మీద ఒక్కో నల్లచుక్కతో వాలేది వరిలో కాండం తొలిచే పురుగుకు తల్లి. పొలాల్లో దీపపు ఎర పెట్టేది ఇలాంటివాటి కోసమే. కరెంటు పోనంతసేపు, కూర్చున్న చోటు నుంచి కదలకుండా ఎన్నో రకాలు చూడవచ్చు.

మీ మనసు ఫెయిరీ లాంగ్‌హార్న్ అనే పొడవు మీసాల చిమ్మట మీద ఉంటే మాత్రం ఈ ఏర్పాటు దాదాపు దండగ. అది ఎండలో ఎగిరే జీవి. ఆ కుటుంబంలో పేరున్నది నెమోఫోరా డీజీరెల్లా. స్వీడన్ కీటక శాస్త్రవేత్త డీ గీర్ పేరు కలిపి 1758లో జీవుల వర్గీకరణకు పేరుపడ్డ లిన్నేయస్ దానికి నామకరణం చేశాడు. రెక్కలు చాచినా రెండు సెంటీమీటర్లకు అటూ ఇటూ ఉండే ఈ ప్రాణిలో మగదాని మీసాలు రెక్క పొడవుకు కొన్ని రెట్లు! ఆ బరువుతో ఎలా ఎగురుతుందో చూస్తే తప్ప నమ్మలేం. కంచురంగు రెక్కకు అడ్డంగా పసుపు పట్టీ ఉంటుంది. మగవి గుంపుగా చేరి పొదల మీద పైకీ కిందికీ ఊగుతుంటాయి. గొంగళి పురుగు ఆకుముక్కలతో సంచి కట్టుకుని, దాన్ని ఈడ్చుకుంటూ రాలిన ఆకుల్లో బతుకుతుంది.

అయితే ఈ జాతిది ఐరోపా. పెంచలకోన పొదల్లో దాన్నే వెతకడం వృథా. దాని బంధువులు భారతదేశంలో ఉన్నాయి కనుక పొడవు మీసాల చిమ్మట కనిపిస్తే సంతోషించండి, కానీ ఫోనులో ఫొటో చూసి పేరు చెప్పే యాప్ చూపించే ఐరోపా పేరును వెంటనే తగిలించకండి.

నా ఓటు పగటి నడకకే. కష్టం లేదని కాదు: ఎండ, ముళ్లు, ఎంత బతిమాలినా ఫోకస్ కాని కెమెరా. చాలా రోజులు ఉత్త చేతులతోనే తిరిగి రావాలి. కానీ దీపం దగ్గరికి వచ్చిన చిమ్మట ఏ మొక్క మీద బతుకుతుందో, పగలు ఏం చేస్తుందో దుప్పటి చెప్పదు. వాన వెలిసిన మర్నాడు ఉదయం ఎండ కాస్త కాశాక పూలున్న పొదల దగ్గర నిలబడండి. కనబడితే పక్క నుంచి ఫొటో తీయండి. మీసాల కొసలు, రెక్క మీది పట్టీ రెండూ పడాలి.