ఆర్‌ఎఫ్‌క్యూ-8: నింపడం తేలిక, లెక్కలో తిరకాసు

ఎదుటివాళ్ల మనసెరిగి మసలుకోవడం, మన మనసులో ఏం జరుగుతోందో మనమే గమనించుకోవడం. ఈ రెండింటినీ కలిపి మనస్తత్వశాస్త్రంలో మెంటలైజింగ్ అంటున్నారు. ఎవరైనా తలుపు దబాలున వేస్తే ‘ఏదో చిరాకులో ఉన్నట్టున్నాడు’ అనుకోవడం, మన గొంతు ఎందుకు లేచిందో మనకే తట్టడం, రెండూ ఆ కోవలోవే. దీన్ని కొలుస్తామనే సాధనాల్లో పరిశోధక విద్యార్థులు ముందుగా చేయి వేసేది రిఫ్లెక్టివ్ ఫంక్షనింగ్ క్వశ్చనీర్ మీద, అందులోనూ ఆర్‌ఎఫ్‌క్యూ-8 అనే ఎనిమిది ప్రశ్నల పొట్టి రూపం మీద. లండన్ యూనివర్సిటీ కాలేజీకి చెందిన పీటర్ ఫొనాగీ, ప్యాట్రిక్ లూటెన్, వాళ్ల బృందం 2016లో ప్లాస్ వన్ పత్రికలో దీన్ని ప్రకటించారు. ఆ పత్రిక ఎవరైనా ఉచితంగా చదువుకోవచ్చు. కాగితం ఒక పేజీ, నింపడానికి ఐదు నిమిషాలు కూడా పట్టదు, ఇచ్చేవాళ్లకు శిక్షణ అక్కర్లేదు.

అంత తేలికైన సరుకుకు గిరాకీ ఎందుకో తెలియాలంటే అంతకు ముందున్న పద్ధతి చూడాలి. 1998లో ఫొనాగీ, టార్గెట్, స్టీల్ దంపతులు రాసిన రిఫ్లెక్టివ్ ఫంక్షనింగ్ స్కేలు మాన్యువల్ ప్రకారం, చిన్ననాటి అనుబంధాల గురించి గంటసేపు పైబడి ఇంటర్వ్యూ చేయాలి, ప్రతి మాటా రాసుకోవాలి, శిక్షణ పొందినవాళ్లు దాన్ని చదివి -1 నుంచి 9 దాకా మార్కు వేయాలి. మామూలు మనిషికి 5 చుట్టుపక్కల వస్తుంది. ‘మీ అమ్మగారు అలా ఎందుకు చేశారనుకుంటున్నారు?’ లాంటి ప్రశ్నకు మనిషి నిజంగా ఎలా ఆలోచిస్తాడో అక్కడ కనబడుతుంది. నమ్మదగ్గ కొలతే. కానీ వందమందిని అలా కొలవాలంటే థీసిస్ గడువు ముందే ముగిసిపోతుంది.

పొట్టి రూపంలో అడిగేవి ఇవి, మన మాటల్లో: మనుషుల ఆలోచనలు అంతుపట్టవు (1). నేను చేసేది ఎందుకు చేస్తున్నానో అన్నిసార్లూ తెలియదు (2). కోపంలో ఎందుకంటున్నానో తెలియకుండానే మాటలు అనేస్తాను (3). కోపంలో అన్నవాటికి తర్వాత నొచ్చుకుంటాను (4). లోపల బెరుకు పుడితే ఎదుటివాళ్లకు ఒళ్లు మండేలా ప్రవర్తిస్తాను (5). ఒక్కోసారి ఎందుకో తెలియకుండానే పనులు చేసేస్తాను (6). నాకేమనిపిస్తోందో నాకెప్పుడూ తెలుసు (7). ఉద్వేగం పొంగితే ఆలోచన మసకబారుతుంది (8). ప్రతిదానికీ 1 ‘అస్సలు ఒప్పుకోను’ నుంచి 7 ‘పూర్తిగా ఒప్పుకుంటాను’ దాకా ఏడు మెట్లు.

ఇంతవరకు బాగానే ఉంది. తిరకాసు స్కోరింగులో మొదలవుతుంది.

ఈ ఎనిమిదింటి నుంచి రెండు స్కోర్లు తీస్తారు. ఒకటి మనసుల సంగతి తెలుసన్న ‘నిశ్చయం’, రెండోది తెలియదన్న ‘అనిశ్చయం’. నిశ్చయానికి 1 నుంచి 6 దాకా ప్రశ్నలు. 1 అని జవాబిస్తే 3 మార్కులు, 2కి 2, 3కి 1, 4 నుంచి పైన అన్నింటికీ సున్నా. అనిశ్చయానికి 2, 4, 5, 6, 7, 8 ప్రశ్నలు. ఇక్కడ 5కి 1, 6కి 2, 7కి 3, కిందివాటికి సున్నా. ఏడో ప్రశ్న ఒక్కటీ తిరగేసి ఉంటుంది, కాబట్టి దానికి 1 అన్నవాళ్లకు 3 మార్కులు. ఎక్సెల్‌లో చేసేవాళ్లకు తేలిక దారి: నిశ్చయానికి 4లోంచి జవాబు తీసెయ్యండి, అనిశ్చయానికి జవాబులోంచి 4 తీసెయ్యండి, మైనస్ వచ్చినచోట సున్నా పెట్టండి. ఏడో ప్రశ్నకు మాత్రం అనిశ్చయంలో కూడా 4లోంచే తీయాలి. ఆరు మార్కుల మొత్తం తీస్తే 0 నుంచి 18, సగటు తీస్తే 0 నుంచి 3. అచ్చయిన వ్యాసాల్లో రెండు రకాలూ కనిపిస్తాయి. మీరేది తీశారో రాయకపోతే మీ పట్టికను ఇంకొకరి పట్టికతో పోల్చడం కుదరదు.

తరచూ జరిగే తప్పులు మూడు. మొదటిది, గణాంకాల సాఫ్ట్‌వేర్ ఎస్‌పీఎస్‌ఎస్‌లో జవాబులను మార్కులుగా మార్చేటప్పుడు (రీకోడ్) పాత కాలమ్ మీదే కొత్త విలువలు రాసేయడం. నిశ్చయం లెక్క అయ్యాక అసలు జవాబులు మాయమవుతాయి, వాటి మీద అనిశ్చయం లెక్క కడితే వచ్చేదంతా చెత్తే. ఎప్పుడూ వేరే పేరుతో కొత్త కాలమ్ తీయాలి. రెండోది, ఏడో ప్రశ్నను తిరగేయడం మరిచిపోవడం. అది మిగతా వాటితో మైనస్ సంబంధం చూపి, ప్రశ్నల మధ్య పొందిక ఎంతుందో చెప్పే ఆల్ఫా అనే అంకెను కిందికి లాగేస్తుంది. ఆల్ఫా తగ్గిందని కంగారుగా ప్రశ్నను తీసేసేవాళ్లున్నారు, తప్పు ప్రశ్నది కాకపోయినా. మూడోది, ఆన్‌లైన్ ఫారంలో ఐదు మెట్లే పెట్టడం. ఈ స్కోరింగంతా 4 నడిమధ్య ఉంటుందన్న లెక్క మీద కట్టింది. ఐదు మెట్లతో ఆ కట్టడం కూలిపోతుంది.

తప్పులేవీ చేయకపోయినా మిగిలే లోపం ఒకటుంది, అది సాధనానిదే. 2, 4, 5, 6 ప్రశ్నలు రెండు స్కోర్లలోనూ ఉన్నాయి. వాటిలో ఒక జవాబుకు ఒకవైపు మార్కు వస్తే రెండోవైపు తప్పనిసరిగా సున్నా. అంటే నిశ్చయం పెరిగితే అనిశ్చయం తగ్గడమన్నది మనుషుల గురించిన సమాచారం కాదు, కూడిక తీసివేతల్లో ముందే పెట్టిన ఏర్పాటు. ఈ రెండింటినీ, ఒక్కోదాని ప్రభావాన్ని విడదీసి చూపే ఒకే రిగ్రెషన్‌లో వేసి ‘రెండూ వేరువేరు ప్రభావాలు’ అని రాయడం చెల్లదు. పైగా అనిశ్చయం లెక్కలో 1 అన్నవాడూ 4 అన్నవాడూ ఒకే సున్నాలో కలిసిపోతారు. ఆరోగ్యంగా ఉన్న జనంలో చేస్తే చాలామంది అడుగునే గుమిగూడతారు. జర్మనీలో మ్యుల్లర్, వెంట్, జిమ్మర్‌మన్ బృందం అసలు ఏడు మెట్ల జవాబులనే తీసుకుని పరీక్షించినప్పుడు, ఈ ప్రశ్నలన్నీ ఒకే గుణాన్ని కొలుస్తున్నాయని, రెండు స్కోర్ల వాదన నిలవదని తేలింది. ఆరు ప్రశ్నలతో ఒకే స్కోరు తీసే రూపం కూడా అక్కడే వచ్చింది.

నిశ్చయం స్కోరుకు చెప్పే అర్థం ఇంకా ఇబ్బంది. సిద్ధాంతం ప్రకారం అది మితిమీరితే ‘ఎదుటివాడి మనసు నాకు పూర్తిగా తెలుసు’ అనే అతి నమ్మకం. కానీ కోపంలో అన్నమాటకు నొచ్చుకుంటారా అంటే ‘అస్సలు లేదు’ అన్న మనిషి అతి నమ్మకస్తుడా, లేక కోపంలో నోరు జారని మనిషా? ఫొనాగీ బృందం వ్యాసంలోనే నిశ్చయం స్కోరు సహానుభూతితోనూ, ఉన్న క్షణం మీద ధ్యాస నిలపడమనే మైండ్‌ఫుల్‌నెస్‌తోనూ కలిసి నడిచింది. రోగలక్షణం అనుకున్నది ఆరోగ్యంతో జత కడితే, పేరు పెట్టడంలోనే ఏదో పొరపాటున్నట్టు.

ఇంకో లెక్క చూడండి. ఎనిమిదిలో ఎదుటివాళ్ల మనసు గురించి సూటిగా అడిగేది ఒకటో ప్రశ్న ఒక్కటే. అదీ అనిశ్చయంలో లేదు. మిగతావి తన మీద తనకు పట్టు తప్పడం గురించి. కాబట్టి ‘ఇతరుల మనసును అర్థం చేసుకునే శక్తి’ కొలిచామని ఈ కాగితం చూపించి రాస్తే అది సాధనం మోయలేని బరువు. బోర్డర్‌లైన్ వ్యక్తిత్వ సమస్య ఉన్నవాళ్లనూ లేనివాళ్లనూ విడదీయడంలో ఇది పనికొస్తుంది, నిజమే. ఆ సమస్యలో కోపం, తొందరపాటు ముందుంటాయి. ప్రశ్నలు అడుగుతున్నదీ వాటినే.

వాడక తప్పదనుకుంటే, ఏడో ప్రశ్నను తిరగేసి (8లోంచి జవాబు తీసేస్తే చాలు) ఎనిమిదింటి అసలు జవాబుల సగటు ఒకటే తీయండి. ‘తన గురించి తాను చెప్పుకున్న అనిశ్చయం’ అని పేరు పెట్టండి. పాత పద్ధతి స్కోర్లు గైడు కోసమో జర్నల్ కోసమో పక్కన అనుబంధంలో పెట్టండి.

మిగతా సరుకు సంగతి క్లుప్తంగా. ఎదుటివాళ్ల గురించి కూడా సొంత మాటల్లో తెలుసుకోవాలంటే బెల్‌గ్రేడ్‌లో తయారై 2018లో వచ్చిన మెంటలైజేషన్ స్కేలు మేలు: 28 వాక్యాలు, ఐదు మెట్లు, తన గురించి 8, ఇతరుల గురించి 10, ఆసక్తి గురించి 10. పసిపిల్లల తల్లిదండ్రులకైతే లూటెన్ బృందానిదే 18 ప్రశ్నల వేరే పత్రం ఉంది. అందులో నిశ్చయానికి విడిగా ప్రశ్నలున్నాయి కాబట్టి పైన చెప్పిన రెట్టింపు లెక్క బెడద లేదు. ‘బాగా అర్థం చేసుకుంటాను’ అని చెప్పుకోవడం కాక చేసి చూపించడం కావాలంటే ఇసబెల్ డ్జియోబెక్ బృందం 2006లో తెచ్చిన మాస్క్ ఉంది. నలుగురు కలిసి భోంచేసే పావుగంట సినిమాను ఆపి ఆపి 45 ప్రశ్నలు అడుగుతారు, తప్పు జవాబు అతిగా ఊహించినదా, తక్కువగా ఊహించినదా, అసలు ఊహించనిదా అని విడదీస్తారు. ఆలోచన గొప్పది, కానీ జర్మన్ ఇంటి విందు మర్యాదలు మనవాళ్లకు వేరే పరీక్ష. కళ్ల ఫొటో చూసి మనసులోని భావానికి సరిపడే మాట ఎంచుకోమనే 36 ఫొటోల పరీక్షను తెలుగులో పెట్టడానికి తొందరపడొద్దు. అందులో జవాబులుగా ఇచ్చే ‘పెన్సివ్’కూ ‘టెంటటివ్’కూ జనం వాడే ఒక్క తెలుగు మాట వెతకండి, ఎందుకంటున్నామో తెలుస్తుంది. ఆ పరీక్ష సగం పదసంపదనే కొలుస్తుంది. స్కిజోఫ్రెనియా ఉన్నవాళ్లతో పనిచేసేవాళ్లు ముందుగా చూడాల్సింది బెంగళూరు నిమ్‌హాన్స్‌లో మన దేశానికి తగ్గట్టు మలచి 2011లో ప్రకటించిన, ఎదుటివాళ్లను అర్థం చేసుకునే తీరును కొలిచే పరీక్షల కట్ట సోక్రటిస్.

ఆర్‌ఎఫ్‌క్యూ-8ను తెలుగులోకి తెచ్చేటప్పుడు రెండో ప్రశ్న దగ్గర ఆగండి. ఇంగ్లీషులో ‘ఎల్లప్పుడూ తెలుస్తుందని కాదు’ అనే అర్థం. దాన్ని ‘నాకు ఎప్పుడూ తెలియదు’ అని రాస్తే తెలుగులో ‘ఒక్కసారి కూడా తెలియదు’ అయిపోతుంది, ఒప్పుకునేవాళ్లు ఉండరు. ‘అన్నిసార్లూ తెలియదు’ కూడా కొందరికి అలాగే వినిపిస్తుంది. ‘కొన్నిసార్లు తెలియదు’ అంటే ఆరో ప్రశ్నకు కవల అవుతుంది. ‘ప్రతిసారీ తెలుస్తుందని చెప్పలేను’ అన్నది ఉన్నవాటిలో నయం. ఐదో ప్రశ్నలో ‘అభద్రతాభావం’ పెడితే పత్రిక చదివేవాళ్లకు తప్ప అందదు. నాలుగోదాంట్లో ‘పశ్చాత్తాపం’ అంటే పాపం చేసినంత బరువు, ‘అనవసరంగా అన్నాననిపిస్తుంది’ చాలు. ఏడు మెట్లకు ఏడు తెలుగు మాటలు వెతికే కన్నా రెండు చివర్లకూ మధ్యకూ మాత్రమే మాటలు రాసి మిగతాచోట అంకెలు వదిలేయడం నయం. ‘కొంత’, ‘కొంతవరకు’ మధ్య తేడా ఎవరికీ తట్టదు. తిరిగి ఇంగ్లీషులోకి చేయించి సరిచూసుకోవడంతో ఆగకుండా, పది పన్నెండుమందిని కూర్చోబెట్టి ప్రతి వాక్యం చదివించి, ‘మీకేమర్థమైందో మీ మాటల్లో చెప్పండి’ అని అడగండి. అందులో ముగ్గురు తడబడిన వాక్యాన్ని అచ్చుకు పంపొద్దు.