సారా కేసులు, పాత బాకీ: చర్చకు ఏ పుస్తకం?

తిరుపతిలోని మా చదువరుల బృందంలో, దోపిడీనీ నేరాన్నీ న్యాయాన్నీ కలిపి చర్చించడానికి రావిశాస్త్రి (రాచకొండ విశ్వనాథశాస్త్రి) కథల సంపుటి ‘ఆరు సారా కథలు’ తీసుకోవాలా, కారా (కాళీపట్నం రామారావు) పెద్ద కథ ‘యజ్ఞం’ తీసుకోవాలా అన్న ప్రశ్న వచ్చింది. విశాఖలో వకీలుగా పనిచేసిన రావిశాస్త్రి, మద్యనిషేధ చట్టం పేదలకు కేసులుగానూ పోలీసులకు మామూళ్లుగానూ ఎలా మారుతుందో లోపలి నుంచి చూపిస్తారు. ఆ సంపుటిలోని ‘మాయ’ కథలో, సారా కేసులో ఇరుక్కున్న ముత్యాలమ్మ అనుభవం ముందు ప్లీడరు చదువు వెలవెలబోతుంది. ‘యజ్ఞం’లో కోర్టుకు బదులు పంచాయతీ ఉంది. ధర్మం తప్పరని ఊరంతా నమ్మే పెద్దల సమక్షంలోనే అప్పల్రాముడి పాత బాకీ తీర్చవలసిందేనని తేలుతుంది. ఆ అప్పు కింద తన బిడ్డ బానిస కాకూడదని అప్పల్రాముడి కొడుకు సీతారాముడు ఆ పసివాణ్ణే నరుకుతాడు. ఆ హత్యలో నేరస్థుడెవరో చెప్పడానికి శిక్షాస్మృతి చాలదు. చిత్తూరు పల్లెల్లో రచ్చబండ తీర్పులు ఎరిగిన నాకు ఇదే దగ్గరగా అనిపించింది. రెండింటిలోని ఉత్తరాంధ్ర యాస మాత్రం మనవైపు వారికి మొదట కొంత అడ్డుపడుతుంది. గంట సమయమే ఉంటే ‘మాయ’ చాలు. సాయంత్రమంతా దొరికితే ‘యజ్ఞం’ చదవాలి.