పరిమిత క్షేత్రాల డ్యూయల్ బేసిస్ గణనకు సేజ్‌మ్యాథ్: ఒక సమీక్ష

విలియం స్టైన్ 2005లో ప్రారంభించిన సేజ్‌మ్యాథ్ ఉచితంగా లభించే ఓపెన్ సోర్స్ గణిత సాఫ్ట్‌వేర్. పరిమిత క్షేత్రాలలో, అంటే కూడిక, తీసివేత, గుణకారం, భాగహారం చేయగల పరిమిత సంఖ్యలోని మూలకాల సమితులలో, డ్యూయల్ బేసిస్ గణనకు అది ఎంతవరకు పనికివస్తుందన్నదే ఇక్కడి విషయం.

క్షేత్రంలోని ప్రతి మూలకాన్నీ ఒకే విధంగా కూర్చగల మూలకాల జాబితాను బేసిస్ అంటారు. ఒక బేసిస్‌లోని మూలకాన్ని దాని డ్యూయల్‌లో అదే స్థానంలో ఉన్న మూలకంతో గుణించి ట్రేస్ (ప్రతి మూలకానికీ చిన్న మూల క్షేత్రంలోని ఒక విలువను ఇచ్చే సరళ ప్రమేయం) తీస్తే 1 రావాలి, వేరే స్థానంలోని దానితో గుణిస్తే 0 రావాలి. 16 మూలకాల క్షేత్రాన్ని సేజ్‌మ్యాథ్ ఎ⁴ + ఎ + 1 = 0 అనే సమీకరణంతో నిర్మిస్తుంది. అక్కడ 1, ఎ, ఎ², ఎ³ అనే బేసిస్‌కు డ్యూయల్ అడిగితే ఎ³ + 1, ఎ², ఎ, 1 అని వెంటనే చెబుతుంది; చేత్తో లెక్కించినా ఇదే వస్తుంది. మొదటి మూలకంలో అదనంగా చేరిన 1 తప్ప, ఇది అసలు బేసిస్‌ను తిరగేసి రాసినట్టే ఉంది కనుక, సర్క్యూట్‌లో ఒక బేసిస్ నుంచి మరొక దానికి మారడానికి తీగల క్రమం మార్చి ఒక్క ఎక్స్‌ఓఆర్ గేటు (రెండు బిట్లు వేరైతేనే 1 ఇచ్చేది) పెడితే చాలు. ఎల్విన్ బెర్లెకాంప్ 1982లో ప్రచురించిన బిట్-సీరియల్ రీడ్-సోలమన్ ఎన్‌కోడర్లు (దోషాలను సరిదిద్దే కోడ్‌ను ఒక్కో బిట్‌గా లెక్కించే సర్క్యూట్లు) డ్యూయల్ బేసిస్‌ను ఎందుకు ఆశ్రయించాయో ఈ చిన్న ఉదాహరణలోనే కొంత అర్థమవుతుంది.

జాగ్రత్త పడవలసింది 256 మూలకాల క్షేత్రం దగ్గర. క్షేత్రాన్ని నిర్మించే బహుపదిని (పై సమీకరణంలో ఎడమవైపున్న లాంటిదాన్ని) మనం చెప్పకపోతే సేజ్‌మ్యాథ్ తనంతట తానే ఎ⁸ + ఎ⁴ + ఎ³ + ఎ² + 1ని ఎంచుకుంటుంది. అంతరిక్ష సమాచారానికి వాడే సీసీఎస్‌డీఎస్ ప్రమాణంలో ఉన్నది ఎ⁸ + ఎ⁷ + ఎ² + ఎ + 1. పైగా ఆ ప్రమాణంలో డ్యూయల్ తీసేది ఎ ఘాతాలకు కాదు, ఎ¹¹⁷ ఘాతాలకు. వచ్చిన జవాబు గణితపరంగా సరైనదే అయినా ప్రమాణంతో సరిపోదు, ఆ సంగతిని సాఫ్ట్‌వేర్ హెచ్చరించదు. అయితే బహుపదిని, బేసిస్‌ను రెండింటినీ మనమే ఇచ్చే వీలుంది. ఇచ్చిన జాబితా నిజంగా బేసిస్ కాకపోతే ఫంక్షన్ దాన్ని తిరస్కరిస్తుంది. ఈ తనిఖీ నాకు బాగా నచ్చింది.

సంఖ్యా క్షేత్రాలకు (పరిమేయ సంఖ్యలకు √2 లాంటివి చేర్చగా వచ్చే క్షేత్రాలకు) ఇదే పని వేరే పేరున్న ఫంక్షన్ చేస్తుంది: 1, √2 ఇస్తే 1/2, √2/4 వస్తాయి. ఒకే భావనకు రెండు పేర్లు పెట్టడం అనవసరమైన చిక్కు. విండోస్‌లో స్థాపించడం కొంత శ్రమతో కూడిన పని. ఇంత చిన్న లెక్కలకు బ్రౌజర్‌లో నడిచే సేజ్‌సెల్ సరిపోతుంది.

లెక్కలోని మధ్య మెట్లను మాత్రం సేజ్‌మ్యాథ్ చూపదు. కాబట్టి విద్యార్థులు ముందుగా ట్రేస్ మాత్రికను (బేసిస్ మూలకాలను జతలుగా గుణించి తీసిన ట్రేస్‌ల పట్టికను) తామే రాసి, దాని విలోమాన్ని కనుక్కొని, ఆ తరువాతే ఈ ఫంక్షన్ ఇచ్చే జవాబుతో పోల్చుకోవాలని నా సూచన.